సినెరిసిస్ అనే నేరం

మేడమీద కిటికీ దగ్గర కూర్చుని టీ తాగుతున్న పదాలమ్మకు కింద తమ్ముడి కేకలు వినిపించాయి. తమ్ముడు అరవడం వింత కాదు. వ్యాను కదలకపోయినా అరుస్తాడు, కదిలినా అరుస్తాడు. వింతేమిటంటే ఆ అరుపులకు మరదలి గొంతు అడ్డు రాలేదు. ఆ ఇంట్లో మరదలు నోరు మెదపలేదంటే మిన్ను విరిగి మీద పడ్డట్టే. పదాలమ్మ గ్లాసు గట్టు మీద పెట్టి గబగబా మెట్లు దిగింది.

పెరుగు గదుల తలుపు మీద ఒక కాగితం అతికించి ఉంది. జిగురింకా ఆరలేదు. ‘ఈ కేంద్రంలో తయారైన పెరుగులో నీరు కలిపినట్లు పరీక్షలో తేలినందున, విచారణ ముగిసేవరకు తయారీ, అమ్మకం నిలిపివేయడమైనది’ అని రాసి, కింద నగర ఆహార విభాగం ముద్ర కొట్టారు.

మరదలు దాని ముందు చేతులు కట్టుకుని నిలబడి ఉంది. తలకు గుడ్డ, ఒంటిమీద తెల్ల ఏప్రాను, పనికి సిద్ధంగా మోచేతుల దాకా కడుక్కున్న చేతులు. పాలు తెచ్చిన బండి వీధిలో ఇంజను ఆపకుండా ఎదురుచూస్తోంది. ఆమె ఏడవలేదు. ఆ పాలు పక్కవీధి బేకరీలో దించమని, తాను ఫోను చేసి చెబుతానని బండివాడిని పంపించేసింది. అప్పుడు ఆడపడుచు వైపు తిరిగింది.

“వదినా, నేను నీళ్లు కలిపానట.”

ఆ గొంతులో బాధ కంటే ఆశ్చర్యమే ఎక్కువ. చేపకు ఈత రాదని ఎవరో తీర్పు చెప్పినట్టుంది ఆ మనిషి ముఖం.

పెరుగు ఆమె చేతి పని. కాపురానికి వచ్చిన కొత్తలో ఇంటి వెనక రేకుల షెడ్డులో ఒక్క గిన్నెతో మొదలుపెట్టింది. వెచ్చగది, చల్లగది, తెల్ల పలకల గోడలు, స్టీలు అరలు ఒకటొకటిగా అమర్చుకుంది. పాలు కాచడం, గోరువెచ్చగా చల్లార్చడం, తోడు వేయడం, కప్పుల్లో పోసి వెచ్చగదిలో పెట్టడం, తోడుకున్నాక చల్లగదికి మార్చడం ఆమె వంతు. వ్యాను, యంత్రాలు, అరుపులు మొగుడి వంతు.

పదాలమ్మకు ఇంకో పేరుంది. జీతం కాగితాల మీద తప్ప దాన్నెవరూ వాడరు. పాఠ్యపుస్తకాలు వేసే సంస్థలో ఆమె విజ్ఞానశాస్త్ర నిఘంటువు తయారుచేస్తోంది. పెళ్లెందుకు చేసుకోలేదని చుట్టాలు అడిగితే, ‘నేనింకా ‘చ’లోనే ఉన్నానండీ, ‘ప’ దాకా రానివ్వండి’ అనేది. యాభై దాటాక అడగడం మానేశారు గానీ, జవాబు మాత్రం ఆమె దగ్గర సిద్ధంగానే ఉంది.

కొంతకాలంగా పెరుగు మీద నీళ్లు తేలుతున్న మాట నిజమే. కప్పు తెరిస్తే గడ్డ మధ్యలో కుంగి, అంచుల వెంట పచ్చని తేట నిలిచేది. ఒకరిద్దరు కొనేవాళ్లు మొహం మీదే అన్నారు. ఎవరో ఆహార విభాగానికి ఫిర్యాదు చేశారు. తనిఖీ అధికారి వచ్చి మర్యాదగానే నాలుగు కప్పులు తీసుకుని, సీలు వేసి, పరీక్షకు పట్టుకెళ్లాడు. పరీక్షంటే మరదలు సంతోషించింది కూడా. తన పెరుగులో ఏం తేడా వచ్చిందో వాళ్లయినా చెబుతారనుకుంది. వాళ్లు చెప్పింది ఇదీ.

తమ్ముడు అప్పటికే ముగ్గురు లాయర్ల పేర్లు చెప్పి, ఒక అధికారి చొక్కా పట్టుకునేదాకా వెళ్లాడు, మాటల్లో. పదాలమ్మ కాగితం మళ్లీ చదివింది. తన వృత్తిలో ఆమె మొదట నేర్చుకున్నది ఒకటే. ఎవరైనా ‘తేలింది’ అంటే, ఏ నీళ్లలో తేలిందో ముందు చూడాలి.

“పరీక్షశాల నివేదిక ఇంగ్లీషులో ఉంటుంది. ఇది దానికి తర్జుమా. అసలుది చూద్దాం పదండి. చొక్కాలు తర్వాత పట్టుకుందాం,” అంది.

ఆహార విభాగం కార్యాలయంలో నివేదిక నకలు ఇవ్వడానికి ఎవరూ అభ్యంతరం చెప్పలేదు. కారిడార్‌లో కుంటి బెంచీ ఒకటుంది. దాని మీద ఒరగకుండా ముగ్గురూ సర్దుకుని కూర్చున్నారు. పదాలమ్మ వేలు పెట్టి ఒక్కొక్క వరుసా చదివి చెప్పింది. కొవ్వు ఉండాల్సినంత ఉంది. కొవ్వు పోగా మిగిలే ఘనపదార్థాలూ ఉండాల్సినంత ఉన్నాయి. మరదలు అక్కడ ఆపింది. నీళ్లు కలిపితే ముందు పడిపోయేది అదేనని, అది నిలబడిందంటే నీళ్లు కలవనట్టేనని ఆమెకు తెలుసు. అయితే చివర పరీక్షకురాలి వ్యాఖ్య ఒక్క వాక్యం ఉంది. నమూనాలో సినెరిసిస్ స్పష్టంగా కనిపించిందని.

“ఆ చివరి మాటేంటి వదినా? రోగం పేరులా ఉంది,” అంది మరదలు.

పదాలమ్మకు తెలిసీ తెలియని మాట. ఎక్కడో చదివింది, సరిగ్గా గుర్తులేదు. ‘స’ దాకా ఇంకా రాలేదు కదా. తెలియదని చెప్పడానికి ఆమె ఎప్పుడూ సిగ్గుపడదు, తెలుసుకునేదాకా నిద్రపోదు. అక్కణ్ణించే తిన్నగా తన ఆఫీసు గ్రంథాలయానికి వెళ్లింది.

అందరికీ అందుబాటులో ఉండే లావుపాటి ఇంగ్లీషు నిఘంటువు తీస్తే సంగతి సగం తెలిసిపోయింది. అందులో ఆ మాటకు ఇచ్చింది ఒక్కటే అర్థం, అదీ వ్యాకరణానిది. విడివిడిగా పలకాల్సిన రెండు అచ్చులు కలిసి ఒకటిగా పలకడం. గ్రీకు నుంచి వచ్చింది, కలుపు, కూర్చు అని పుట్టుక. తర్జుమా చేసినాయన దీన్నే తీసుంటాడు. పెరుగు, పైన నీళ్లు, ‘కలుపు’ అనే అర్థం. మూడూ కలిపి ‘నీరు కలిపినట్లు’ అని రాసేశాడు. పదాలమ్మకు కోపం రాలేదు. ఆ తప్పు ఎలా జరిగిందో అద్దంలో చూసినట్టు కనబడింది. అలాంటి గోతిలో కాలు పెట్టబోయి వెనక్కి తీసుకున్న రోజులు ఆమెకూ ఉన్నాయి.

రసాయన నిఘంటువులో రెండో అర్థం దొరికింది. గడ్డకట్టిన పదార్థం కాలక్రమంలో తనంతట తాను బిగుసుకుని, లోపల పట్టి ఉంచుకున్న ద్రవాన్ని బయటికి వదలడం. పందొమ్మిదో శతాబ్దంలో ఒక రసాయనవేత్త ఆ పాతమాటను తీసుకొచ్చి ఈ పనికి పెట్టాడు. వైద్య నిఘంటువులో మూడోది కూడా ఉంది. అది కంటికి సంబంధించినది. పదాలమ్మ అన్నీ చదివి, పుస్తకాలు అరల్లో పెట్టి, పరీక్షశాలకు ఫోను చేసింది.

పరీక్షకురాలు మాట కలిపింది, మొహమాటపడలేదు. తాను చూసిందే రాశానని, నీళ్లు కలిపారని ఎక్కడా అనలేదని, నోటీసు తనకెవరూ చూపించలేదని చెప్పింది. విచారణకు పిలిస్తే వచ్చి ఇదే చెబుతానంది. ఇక మిగిలింది తర్జుమా చేసినాయన. విచారణ దాకా లాగడమెందుకు, సాటి మాటలమనిషి కదా, నచ్చజెబితే వినకపోతాడా అనుకుంది పదాలమ్మ.

ఆయన్ని కార్యాలయంలో అందరూ మాస్టారంటారు. హైస్కూల్లో చాలాకాలం వ్యాకరణం చెప్పి, తర్వాత తర్జుమా ఉద్యోగానికి మారినవాడు. ఇస్త్రీ మడత నలగని చొక్కా, జేబులో మూడు రంగుల పెన్నులు. ఆమె వచ్చిన పని చెప్పగానే కుర్చీ చూపించాడు, మంచినీళ్లు తెప్పించాడు, తప్పు మాత్రం ఒప్పుకోలేదు.

“సిన్ అంటే కూడ. హైరెయిన్ అంటే పట్టుకోవడం. రెండూ కలిస్తే కూడబట్టుకోవడం. ‘ఏమి’, ‘అంటివి’ కలిసి ‘ఏమంటివి’ అయినట్టు రెండచ్చులు ఒకటైతే సినెరిసిస్. విడదీసి పలికితే డయెరిసిస్. ఇందులో మీకు సందేహం ఉందా?”

“లేదండి.”

“మరి పెరుగులో కలిసేది ఇంకేముంటుంది? నీళ్లేగా.”

ఆయన అంత చక్కగా చెప్పడం పదాలమ్మకు ముచ్చటేసింది. ఇంతకాలానికి గ్రీకు ధాతువుల గురించి నోరారా మాట్లాడే మనిషి దొరికాడు. దొరికిన మనిషి అవతలి పక్షం.

“పుట్టుక మీరు చెప్పిందేనండి మాస్టారూ. కాపురమే వేరు,” అంది. “మాటకి పుట్టిల్లు ఒకటే అయినా అత్తిళ్లు నాలుగుంటాయి. వ్యాకరణంలో దాని నడవడి ఒకటి, రసాయనంలో ఇంకోటి. ఏ ఇంట్లో ఉందో చూసి పలకరించాలి కదా.”

మాస్టారు నవ్వాడు. పోలిక బాగుందన్నాడు. కానీ సంతకమై వెళ్లిన కాగితాన్ని విచారణలో తప్ప మార్చడానికి వీల్లేదని, అర్థం విషయంలో ఎవరితోనైనా వాదించడానికి తాను సిద్ధమేనని అన్నాడు. గుమ్మం దాకా వచ్చి సాగనంపాడు. బయట వ్యానులో ఎదురుచూస్తున్న తమ్ముడు ఏమైందని అడిగితే, “మంచివాడు, మొండివాడు. నాకు ఇద్దరూ నచ్చారు,” అంది పదాలమ్మ.

ఇంటి దగ్గర మరదలు ఊరికే కూర్చోలేదు. నీళ్లు కలపలేదన్నది ఆమెకు తెలిసిందే. దాన్ని నిరూపించడం వదిన చూసుకుంటుంది. నీళ్లెందుకు వస్తున్నాయో కనిపెట్టడం మాత్రం తన పని. అమ్మకానికి కాకుండా ఇంట్లోకి కాసిని పాలు కాచి, ఒకే తోడు వేసి, రెండు కప్పుల్లో పోసింది. ఒకటి వెచ్చగదిలో అర మీద పెట్టింది. రెండోదాన్ని తువ్వాలు చుట్టి మేడమీద పదాలమ్మ పుస్తకాల బీరువాలో పెట్టింది. వదిన వచ్చి, రెండు లావు నిఘంటువుల మధ్య పెరుగు కప్పు చూసి, ఏ అక్షరం కింద చేర్చమంటావని అడిగింది.

మేడమీది పెరుగు కత్తి దిగితే గాటు నిలిచేట్టు తోడుకుంది. కిందిది ఎప్పటిలాగే నీళ్లు వదిలింది. పాలు అవే, తోడు అదే, వెచ్చదనం ఇంచుమించు అదే. మరదలు కింది గదికి వెళ్లి అర ముందు చాలాసేపు నిలబడింది. తర్వాత అరచేయి స్టీలు పలక మీద ఆనించింది. కాసేపటికి వదిన చేయి కూడా తీసి అక్కడ పెట్టింది.

పలక వణుకుతోంది. కంటికి కనబడదు, చెవికి వినబడదు. పిల్లి గురగుర పెడుతుంటే ఒంటి మీద చేయి వేసినట్టుంది.

గోడకు అవతల చల్లగది ఉంది. అందులో తమ్ముడు కొత్తగా తెచ్చి బిగించిన చల్లబరిచే యంత్రం ఉంది. పాతదానికంటే శక్తిమంతమైనది, గది మూల స్థలం కలిసొస్తుందని గోడకు ఆనించి పెట్టాడు. దాన్ని వచ్చినవాళ్లందరికీ చూపించాడు. అది తిరిగినంతసేపూ గోడ వణుకుతుంది, గోడతో అరలు, అరలతో కప్పులు. తోడుకునే వేళ పెరుగును కదిలించకూడదని ప్రతి ఇంట్లోనూ తెలుసు. వీళ్ల పెరుగు మాత్రం తోడుకున్నంతసేపూ కదులుతూనే ఉంది.

ఇద్దరూ వెనక్కి తిరిగేసరికి తమ్ముడు గుమ్మంలో ఉన్నాడు. అతనూ వచ్చి అర మీద చేయి పెట్టి చూశాడు. చేయి తీసి పానాల పెట్టె తెచ్చుకున్నాడు. యంత్రాన్ని విప్పి, పెరట్లోకి తరలించి, కింద లావు రబ్బరు దిండ్లు వేసి బిగించేదాకా ఒక్క కేకా వేయలేదు. సాయంత్రం ఎదురింటాయన వచ్చి, ఇంట్లో ఎవరికైనా ఒంట్లో బాగాలేదా అని వాకబు చేసి వెళ్లాడు.

విచారణ రోజున ముగ్గురూ మంచి బట్టలు కట్టుకుని బయల్దేరారు. మరదలి చేతిలో చిన్న డబ్బా, అందులో అంతకుముందు రాత్రి తోడు వేసిన పెరుగు కప్పు ఉన్నాయి. గది పెద్దదేమీ కాదు. పొడవాటి బల్ల, దాని చివర విచారణాధికారి, ఒక పక్క తనిఖీ అధికారి, మాస్టారు, పరీక్షకురాలు, రెండో పక్క వీళ్లు. పైన ఫ్యాను కాగితాలను లేపుతుంటే అందరూ తలొక వస్తువూ బరువు పెట్టుకున్నారు.

విచారణాధికారి నెమ్మదస్తుడు. పదవీ విరమణకు దగ్గరపడిన మనిషి. మాట్లాడుతూ మధ్యమధ్య ముఖం ముందు చేయి ఆడిస్తున్నాడు, ఈగను తోలినట్టు. గదిలో ఈగ లేదు. పదాలమ్మ అది గమనించింది. రెండోసారి, మూడోసారి కూడా గమనించి, తన ఎదుట ఉన్న కాగితాన్ని పక్కకు జరిపి నిటారుగా కూర్చుంది.

ముందు తనిఖీ అధికారి తాను చూసింది చెప్పాడు. కప్పుల్లో పెరుగు మీద నీళ్లున్నాయన్నాడు. అది నిజం కాదా అని విచారణాధికారి మరదలిని అడిగాడు. ఆమె లేచి నిలబడింది.

“నిజమే సార్. పెరుగు నీళ్లు వదిలింది. ఆ లోపం నాదే. కానీ ఆ నీళ్లు నేను పోసినవి కావు.”

ఆమె డబ్బా తెరిచి కప్పు బల్ల మీద పెట్టింది. పెరుగు నున్నగా, అద్దంలా ఉంది. అందరి కళ్ల ముందే మధ్యలోంచి ఒక్క చెంచా పెరుగు తీసి, ఆ గుంట అలాగే వదిలేసి, కప్పు అధికారి వైపు జరిపింది. “ఇది ఇక్కడే ఉండనివ్వండి సార్. కాసేపాగి చూద్దురు గానీ,” అని కూర్చుంది.

తర్వాత మాస్టారి వంతు. గ్రీకు ధాతువులు, అచ్చుల కలయిక, దానికి వ్యతిరేకపదం, అన్నీ పొందికగా వివరించాడు. గదిలో ఉన్నవాళ్లకు అర్థమయ్యేలా, అందంగా చెప్పాడు. తమ్ముడు కూడా నోరు తెరుచుకుని విన్నాడు. అధికారి తలూపుతూ రాసుకుంటుంటే మరదలు బల్ల కింద వదిన చేయి గట్టిగా పట్టుకుంది.

పదాలమ్మ లేచింది. మాస్టారు చెప్పిన పుట్టుకలో ఒక్క అక్షరం కాదనడం లేదని మొదలుపెట్టింది. కూడబట్టుకోవడం అన్నది సరైన అర్థమే. అయితే ఇక్కడ కూడబట్టుకుంటున్నది ఎవరు, దేన్ని అన్నదే ప్రశ్న.

“మనం ధైర్యం కూడగట్టుకుంటాం. బలం కూడగట్టుకుంటాం. అంటే బజార్లో ధైర్యం కొనుక్కొచ్చి కలుపుకుంటామా సార్? ఉన్నదాన్నే దగ్గరికి లాక్కుంటాం. పెరుగు చేసేదీ అదే. పాలు తోడుకున్నప్పుడు లోపల సన్నటి వలలాగా అల్లుకుంటుంది. ఆ వల కళ్లల్లో నీళ్లు నిలుస్తాయి. వల తనని తాను కూడగట్టుకుని బిగుసుకుంటే, నీళ్లకి చోటు చాలదు, బయటికొస్తాయి. శాస్త్రంలో సినెరిసిస్ అంటే ఆ బిగుసుకోవడం.”

అధికారి కలం ఆపాడు. ఒక మాటకు ఇన్ని అర్థాలుంటే దేన్ని నమ్మాలి, మీకు అనుకూలమైనదాన్ని మీరు ఏరుకున్నారని ఎందుకనుకోకూడదు అని అడిగాడు. అడుగుతూ మళ్లీ ముఖం ముందు చేయి ఆడించాడు.

“ఈ మాట కంటి డాక్టర్లు కూడా వాడతారండి,” అంది పదాలమ్మ. “కంటి గుడ్డులో నిండా జిగురులాంటి పదార్థం ఉంటుంది. వయసు పెరిగేకొద్దీ అది కుంచించుకుపోయి నీరు విడిపోతుంది. అప్పుడు కళ్లముందు చిన్న చిన్న నల్లచుక్కలు, దారప్పోగులు తేలుతున్నట్టుంటాయి. దోమలేమోనని తోలుకుంటాం. మీకేమైనా అలా కనిపిస్తున్నాయా సార్?”

అధికారి చేయి గాల్లోనే ఆగింది. దాన్ని నెమ్మదిగా బల్ల మీద పెట్టుకున్నాడు.

“రెండేళ్ల నుంచి ఉన్నాయి. డాక్టరు భయం లేదన్నాడు. ఇంత పొడుగు మాటేదో చెప్పాడు, నాకు గుర్తులేదు.”

“ఆ మాట ఇదేనండి. మరి మీ కంట్లో ఎవరు నీళ్లు కలిపారు?”

ముందు నవ్వింది పరీక్షకురాలు. ఆ తర్వాత తనిఖీ అధికారి. చివరికి విచారణాధికారి కళ్లజోడు తీసి, కళ్లు తుడుచుకునేంతగా నవ్వాడు. నవ్వి, కళ్లజోడు పెట్టుకుని, పరీక్షకురాలిని సూటిగా అడిగాడు. తాను ఆ అర్థంలోనే రాశానని, ఘనపదార్థాల వరుస చూస్తే నీళ్లు కలపలేదని తెలుస్తుందని ఆమె చెప్పింది. అప్పుడాయన కప్పు దగ్గరికి లాక్కుని చూశాడు. చెంచా తీసిన గుంటలో పలచటి పచ్చని నీరు చేరింది. అందరూ చూస్తుండగా ఎవరూ ఏమీ పోయలేదు.

“మా ఇంట్లోనూ ఇలాగే అవుతుంది,” అన్నాడు, తనలో తాను అనుకున్నట్టు.

మాస్టారు లేచి నిలబడ్డాడు. అందరూ ఆయన ఏమంటాడోనని చూశారు. నోటీసులో ఆ వాక్యం పొరపాటని, వెనక్కి తీసుకుంటున్నానని, దిద్దిన వాక్యం తానే రాసి సంతకం చేస్తానని అన్నాడు. కూర్చోబోతూ పదాలమ్మ వైపు తిరిగి, “కూడగట్టుకోవడం నాకు తట్టాల్సింది,” అన్నాడు.

నోటీసు రద్దయింది. అధికారి నీళ్లు తేలే లోపాన్ని సరిచేసుకోవాలని కూడా ఉత్తర్వులో చేర్చబోతుంటే, మరదలు అడ్డుపడి, అది సరిచేసుకోవడం అయిపోయిందని, రేపే వచ్చి కొత్త నమూనా తీసుకోమని తనిఖీ అధికారిని పిలిచింది. ఆయన వచ్చాడు. పరీక్షశాల నుంచి ఈసారి వచ్చిన నివేదికలో వ్యాఖ్య కోసం వదిలిన చోట ఏమీ రాయలేదు.

తలుపు మీది కాగితం గీకితే రంగు కూడా లేచివచ్చింది. తమ్ముడు ఆ వంకన తలుపంతటికీ కొత్త రంగు వేశాడు. పాత కొనుగోలుదార్లలో సగం మంది వెంటనే వచ్చారు. మిగిలినవాళ్లలో కొందరు వేరేచోట అలవాటు పడిపోయారు. మరదలు వాళ్లకోసం ఎదురుచూడలేదు. వీధి చివర హోటలు యజమానికి ఒక కప్పు పంపించి, బోర్లించి చూసుకోమంది. ఆయన బోర్లించాడు, పెరుగు కదల్లేదు. రోజూ పంపమన్నాడు.

వారం తిరక్కుండా మాస్టారు సంచీ నిండా కాగితాలతో ఇంటికొచ్చాడు. పరీక్షశాల మాటల తర్జుమాలన్నీ మళ్లీ సరిచూడమని విభాగం ఆయనకే అప్పగించింది. ఒక్కడినే చేస్తే ఇంకెన్ని గోతుల్లో పడతానోనన్నాడు. పదాలమ్మ అప్పటికే టీ పెట్టించింది. ఇద్దరూ పెరుగు గదుల పక్క వరండాలో బల్ల వేసుకుని, ముందుగా తమని కలిపిన మాటనే తీశారు. దానికి తెలుగు ఏమనాలి?

మాస్టారు ‘సంకోచస్రావం’ అన్నాడు. పిల్లలు దాన్ని పలకాలంటే నోట్లోకి ఇంకో నాలుక కావాలంది పదాలమ్మ. ఆమె ‘నీరొదలడం’ అంది. నీళ్లొదులుకోవడమంటే ఆశ వదులుకోవడం కదా, పిల్లలు కన్ను నీరొదిలిందంటే చూపు మీద ఆశ పోయిందనుకుంటారన్నాడాయన. ఆ దెబ్బ సరిగ్గా తగిలింది. తన మాటను ఇంత న్యాయంగా కొట్టేసినవాళ్లు ఈమధ్య ఎవరూ లేరు. ఆ సంతోషం బయటపడకుండా పదాలమ్మ టీ తాగింది.

అటుగా వెళ్తున్న మరదలిని మీరేమంటారని అడిగితే, “మేమా? పెరుగు పాడయింది అంటాం,” అని చెప్పి, కప్పుల ట్రే పట్టుకుని వెళ్లిపోయింది.

పొద్దు వాలేదాకా వాదించుకున్నారు. బిగుసుకోవడం రావాలి, నీరు చెమర్చడం రావాలి, పెరుక్కీ కంటికీ రెండింటికీ సరిపోవాలి. చివరికి పదాలమ్మ ‘కుదింపు’ అంది, మాస్టారు ‘ఊట’ అన్నాడు. ఎవరి మాటను ఎవరూ కొట్టేయలేకపోయారు. కాగితం మీద రెండూ పక్కపక్కన రాసి ఆయన తృప్తిగా కలిపి చదివాడు. “కుదింపూట. చూశారా, రెండచ్చులు ఒకటయ్యాయి. నా అర్థం కూడా లోపలికి వచ్చేసింది.”

“రానివ్వండి. దాని పుట్టిల్లే కదా,” అంది పదాలమ్మ.

ఆ మాట విభాగం జాబితాలోకి వెళ్లింది, పరీక్షశాల నివేదికల్లోకి వెళ్లింది, ఆ మరుసటి ఏడు బడిపుస్తకంలోకి కూడా వెళ్లింది. మాస్టారు ప్రతి శనివారం సంచీతో వస్తున్నాడు. తమ్ముడు ఆయన కోసం వరండాలో ఇంకో కుర్చీ వేశాడు. మరదలు మాత్రం ఆ కొత్తమాటను ఇంతవరకూ వాడలేదు. దానితో తనకు పని పడలేదంటుంది.